గిటార్ నుంచి ల్యాప్‌టాప్ దాకా: పాపులర్ సంగీతం చరిత్రపై తరచుగా అడిగే ప్రశ్నలు

ఫోక్ పాటలు ఇష్టపడేవాళ్లకి ఎలక్ట్రానిక్ మ్యూజిక్ పడదు. క్లబ్ సంగీతానికి అలవాటు పడ్డవాళ్లకి గిటార్ పట్టుకుని ఒంటరిగా పాడుకునే మనిషిని చూస్తే ఆవులింతలొస్తాయి. నేను రెండూ వింటాను కాబట్టి రెండు వైపుల నుంచీ ప్రశ్నలు నా మీదే పడతాయి. మళ్లీ మళ్లీ ఎదురైనవాటికి ఇక్కడ జవాబులు రాస్తున్నాను. కథ ఎక్కువగా అమెరికాలో నడుస్తుంది. మధ్యమధ్యలో బ్రిటన్, జర్మనీ, జమైకా, జపాన్ వస్తాయి.

జానపద గాయకుడికీ సింగర్-సాంగ్‌రైటర్‌కీ తేడా ఏమిటి?

జానపద పాటకి కర్త ఎవరో తెలియదు. పది నోళ్లలో నానుతూ ఒక చరణం రాలిపోతుంది, ఇంకోటి వచ్చి చేరుతుంది, పాట మాత్రం నడుస్తూనే ఉంటుంది. సింగర్-సాంగ్‌రైటర్ అంటే మాట, బాణీ, గొంతు మూడూ తనవే. పాటలో "నేను" అంటే అది పాడే మనిషేనని వినేవాళ్లు నమ్ముతారు.

చెప్పడం తేలికే గానీ మధ్యలో గీత గీయడం కష్టం. 1927 వేసవిలో టెనెసీ, వర్జీనియా సరిహద్దులోని బ్రిస్టల్ ఊళ్లో విక్టర్ కంపెనీ తరఫున రాల్ఫ్ పీర్ రికార్డింగ్ మెషీన్లతో మకాం పెట్టాడు. కార్టర్ ఫ్యామిలీ, జిమ్మీ రోజర్స్ మొదటిసారి రికార్డయింది అక్కడే. పీర్‌కి హక్కులు నమోదు చేసుకోదగ్గ పాటలు కావాలి. దాంతో ఎ.పి. కార్టర్ పాత పాటల కోసం కొండ ఊళ్లన్నీ తిరిగేవాడు. తర్వాత ఆయన వెంట లెస్లీ రిడిల్ అనే నల్లజాతి గిటారిస్టు వెళ్లడం మొదలుపెట్టాడు. కార్టర్ మాటలు కాగితం మీద రాసుకునేవాడు. రిడిల్ బాణీ మొత్తం బుర్రలో పెట్టుకుని ఇంటికొచ్చి వాయించి చూపించేవాడు. టేప్ రికార్డర్ లేని రోజుల్లో ఆ పని ఒక మనిషి జ్ఞాపకంతో జరిగింది. రికార్డు లేబుల్ మీద కర్తగా పడింది మాత్రం కార్టర్ పేరు. ఈ రిడిల్‌ని గుర్తుపెట్టుకోండి, శాంప్లింగ్ (పాత రికార్డులోంచి ముక్క తీసి కొత్త పాటలో వాడటం) దగ్గర మళ్లీ పనికొస్తాడు.

పాటలు మూడు నిమిషాల దగ్గరే ఎందుకు ఆగుతాయి?

పది అంగుళాల 78 ఆర్‌పీఎం రికార్డు ఒక వైపు పట్టేది సుమారు అంతే. 1948లో కొలంబియా కంపెనీ ఎల్పీ తెచ్చాక ఒక్కో వైపు ఇరవై నిమిషాలు దాటి పట్టింది. కానీ ఆ మరుసటి ఏడాదే ఆర్‌సీఏ విక్టర్ చిన్న 45 రికార్డు దింపింది, జ్యూక్‌బాక్సులూ రేడియోలూ దాన్నే పట్టుకున్నాయి. పాత రికార్డు పోయింది, దాని కొలత మిగిలింది.

గిటార్, గొంతు మాత్రమే ఉండే పాటలో టెక్నాలజీ ఏముంది?

మైక్ ఉంది. అంతకన్నా పెద్ద మార్పు తెచ్చిన యంత్రం ఈ కథలో ఇంకోటి లేదని నా అభిప్రాయం.

1925కి ముందు రికార్డింగ్ అంటే పెద్ద గరాటులోకి పాడటం. గట్టి గొంతు ఉన్నవాడిదే రాజ్యం. 1925లో విద్యుత్ రికార్డింగ్ వచ్చాక గొణిగినా వినపడటం మొదలైంది. బింగ్ క్రాస్బీ లాంటివాళ్లు చెవి పక్కన కూర్చుని పాడినట్టు పాడి కోట్లమందిని పడేశారు. అప్పట్లో దీన్ని కూడా "ఇదేం పాట, గొంతే లేదు" అని తిట్టినవాళ్లున్నారు. ఈ రోజు మనం "సహజంగా పాడుతోంది" అని మెచ్చుకునే ప్రతి ఫోక్ గాయని గుసగుసా మైక్ పెట్టిన భిక్షే.

వుడీ గత్రీ బాణీలన్నీ పాత పాటల నుంచి తీసుకున్నవేనట. నిజమేనా?

చాలావరకు నిజం. 1912లో ఓక్లహోమాలో పుట్టాడు. దుమ్ము తుఫానులకి పొలాలు పోయి కాలిఫోర్నియాకి వలసపోయిన రైతుల మధ్య తిరిగాడు, వాళ్ల గురించే పాడాడు. కొత్త బాణీ కట్టే ఓపిక ఆయనకి పెద్దగా ఉండేది కాదు. వినేవాళ్లకి ముందే తెలిసిన బాణీ మీద కొత్త మాటలు పెడితే పాట రెండో వినికిడికే నోటికొచ్చేస్తుంది. 1940లో రాసిన ఆయన పాటల్లో అన్నిటికన్నా పేరున్నది, "ఈ నేల నీది" అంటూ సాగేది, కార్టర్ ఫ్యామిలీ పాడిన ఒక పాట బాణీకి దగ్గరగా ఉంటుంది. దానికీ మూలం చర్చి కీర్తన.

ఆయన దారిలోనే వచ్చిన బాబ్ డిలన్ కూడా ఇదే చేశాడు. గాలిలో జవాబు వెతికే ఆయన తొలి పెద్ద పాట బాణీ బానిసల వేలం మీద ఉన్న ఒక పాత నల్లజాతి పాట నుంచి వచ్చింది. జానపదంలో దీన్ని దొంగతనం అనరు. పాట అలాగే బతుకుతుంది.

డిలన్ ఎలక్ట్రిక్ గిటార్ పట్టుకుంటే అంత గోల ఎందుకైంది?

1965 జూలై 25, న్యూపోర్ట్ ఫోక్ ఫెస్టివల్. డిలన్ తోలు జాకెట్‌తో, వెనక పూర్తి బ్యాండ్‌తో వేదికెక్కాడు. మూడు పాటలు పాడి దిగిపోయాడు. జనంలో కొందరు కేకలు పెట్టారు. ఎందుకు అన్నదాని మీద ఇప్పటికీ వాదన తెగలేదు. ఎలక్ట్రిక్ గిటార్ నచ్చక అని కొందరు, సౌండ్ సరిగ్గా లేక మాటలు వినపడలేదని కొందరు, ఇంతమంది ఎదురుచూస్తే మూడే పాటలా అని ఇంకొందరు అంటారు. పెద్ద ఫోక్ గాయకుడు పీట్ సీగర్ గొడ్డలితో కేబుల్ నరకబోయాడన్న కథ మీరు వినే ఉంటారు. గొడ్డలి ఉంటే నరికేవాణ్ణి అన్నానని, మాటలు అర్థం కాకుండా సౌండ్ పాడైందనే తన కోపమని ఆయన తర్వాత చెప్పుకున్నాడు. డిలన్ మళ్లీ వచ్చి మామూలు గిటార్‌తో రెండు పాటలు పాడాడు.

మరుసటి ఏడాది మే 17న మాంచెస్టర్‌లో ఒకాయన ప్రేక్షకుల్లోంచి "జూడాస్!" అని అరిచాడు. ఏసుని పట్టించిన శిష్యుడి పేరది. అంతకన్నా పెద్ద తిట్టు ఆ హాల్లో ఎవరికీ తట్టి ఉండదు. ఈ కచేరీ దొంగ రికార్డింగ్ లండన్‌లోని రాయల్ ఆల్బర్ట్ హాల్‌దన్న తప్పు పేరుతో ఏళ్ల తరబడి చేతులు మారింది. 1998లో కంపెనీ అధికారికంగా విడుదల చేసినప్పుడు కూడా ఆ తప్పు పేరుని కొటేషన్ గుర్తుల్లో అలాగే ఉంచేశారు.

గోల అసలు కారణం నాకు అర్థమైనంతవరకు ఇది: ఫోక్ వాళ్లకి అకూస్టిక్ గిటార్ ఒక వాయిద్యం కాదు, నిజాయితీ పత్రం. ప్లగ్ పెట్టావంటే అమ్ముడుపోయావన్నమాట. ఈ అనుమానం అక్కడితో ఆగలేదు. కరెంటుతో చప్పుడు పుట్టించే సింథసైజర్ వచ్చినప్పుడు, డ్రమ్ మెషీన్ వచ్చినప్పుడు, గొంతు శ్రుతి సరిచేసే ఆటో-ట్యూన్ వచ్చినప్పుడు అచ్చు ఇదే మాట మళ్లీ వినపడింది.

1971 గురించి అందరూ ఎందుకంత గొప్పగా చెబుతారు?

ఆ ఏడాది ఇద్దరు ఆడవాళ్లు చేసిన రెండు ఆల్బమ్‌ల వల్ల.

కెరోల్ కింగ్ అప్పటికే పదేళ్లుగా వేరేవాళ్ల కోసం పాటలు కడుతోంది. న్యూయార్క్ బ్రాడ్‌వేలో ఒక పబ్లిషింగ్ కంపెనీ చిన్న గదిలో, పియానో ముందు కూర్చుని, భర్త జెర్రీ గాఫిన్ మాటలకి ఆమె బాణీ కట్టేది. రేపు కూడా నన్ను ప్రేమిస్తావా అని అడిగే వాళ్ల పాటని షిరెల్స్ అనే అమ్మాయిల బృందం పాడితే 1961 మొదట్లో అమెరికాలో నంబర్ వన్ అయింది. పదేళ్ల తర్వాత "టాపెస్ట్రీ"లో అదే పాటని ఆమె నెమ్మదిగా, పియానో మీద, తన గొంతుతో పాడింది. రెండూ ఒకదాని వెంట ఒకటి వినండి. మొదటిదాంట్లో అడిగేది టీనేజ్ అమ్మాయి, రెండోదాంట్లో జవాబు తెలిసిన మనిషి. ఆ ఆల్బమ్ 15 వారాలు నంబర్ వన్‌గా ఉంది.

జోనీ మిచెల్ కథ వేరు. కెనడా అమ్మాయి, తొమ్మిదో ఏట పోలియో వచ్చింది. ఎడమచెయ్యి బలహీనపడటంతో మామూలు గిటార్ కార్డ్స్ పట్టుకోవడం కష్టమైంది. అందుకని తీగల శ్రుతే మార్చేసింది. డజన్ల కొద్దీ సొంత ట్యూనింగ్‌లు కనిపెట్టింది. ఆమె పాటల్లో ఎటూ తేలకుండా వేలాడే ఆ కార్డ్స్ అలా పుట్టాయి. "బ్లూ" వినేటప్పుడు మాటల్ని కాసేపు పక్కనపెట్టి గిటార్ ఒక్కదాన్నీ పట్టుకుని చూడండి.

ఎలక్ట్రానిక్ సంగీతం సింథసైజర్‌తోనే మొదలైందా?

కాదు. 1920 ప్రాంతంలోనే రష్యాలో లియోన్ థెరమిన్ ముట్టుకోకుండా వాయించే వాయిద్యం తయారుచేశాడు. గాల్లో చేతులాడిస్తే పలుకుతుంది. 1948లో పారిస్ రేడియోలో పనిచేసే పియెర్ షెఫర్ రైల్వే స్టేషన్‌కి వెళ్లి రైళ్ల చప్పుళ్లు రికార్డు చేసుకొచ్చాడు. వాటిని ముక్కలు చేసి, తిప్పి, మళ్లీ మళ్లీ మోగించి ఒక రచన చేశాడు. ఈ రోజు లూప్ అంటున్నది ఆయన గ్రామఫోన్ రికార్డు గాడి చివరలు కలిపేసి సాధించాడు.

నాకు వీళ్లందరికంటే ఇష్టమైన మనిషి డీలియా డెర్బీషైర్. గణితం, సంగీతం చదువుకుని బీబీసీలోని రేడియోఫోనిక్ వర్క్‌షాప్‌లో చేరింది. 1963లో "డాక్టర్ హూ" టీవీ సీరియల్ టైటిల్ సంగీతం చేసే పని ఆమెకి పడింది. రాన్ గ్రెయినర్ స్వరాలు కాగితం మీద రాసిచ్చి వెళ్లిపోయాడు. సింథసైజర్ లేదు, కీబోర్డూ లేదు. ఒక తీగని మీటిన చప్పుడు, పరికరాలు పరీక్షించే ఆసిలేటర్ల కూత, ఇవే సరుకు. టేప్ వేగం మార్చి ఒక్కో స్వరం తయారుచేసి, కావలసిన నిడివికి బ్లేడుతో కోసి, ముక్కల్ని అతికించింది. బేస్‌లైన్‌లో ప్రతి దెబ్బ విడివిడిగా అతికించిన టేప్ ముక్కే. వచ్చి విన్న గ్రెయినర్ అవాక్కై రాయల్టీలో సగం ఆమెకి ఇవ్వాలన్నాడు. వర్క్‌షాప్ ఉద్యోగుల పేర్లు వేసే పద్ధతి లేదని సంస్థ ఒప్పుకోలేదు. తెర మీద ఆమె పేరు పడటానికి 2013 దాకా పట్టింది. అప్పటికి ఆమె చనిపోయి పన్నెండేళ్లు.

1966లో బీటిల్స్ కూడా ఒక పాట కోసం ఐదు టేప్ లూపులు ఒకేసారి నడిపారు. స్టూడియోలో మనుషులు నిలబడి, జారిపోకుండా ఆ టేపులు పెన్సిళ్లతో పట్టుకున్నారు.

సింథసైజర్ లోపల అసలేం జరుగుతుంది?

మూడు పనులు. ఆసిలేటర్ అనే భాగం ముడి చప్పుడు పుట్టిస్తుంది. ఊరికే "బ్‌జ్‌జ్" అని మోగుతుంది, వినడానికి చిరాకే. దాన్ని ఫిల్టర్ చెక్కుతుంది. మీరు "ఆ" అంటూ నోరు మెల్లగా ముడిస్తే "ఊ" అవుతుంది చూడండి. గొంతులోంచి వచ్చే చప్పుడు మారలేదు, నోరు మారింది. ఫిల్టర్ చేసేది అదే. మూడోది చప్పుడు ఎంత త్వరగా పుట్టి ఎంతసేపట్లో చావాలో చూసుకుంటుంది. తలుపు తట్టిన చప్పుడు చటుక్కున పోతుంది, గంట మోత సాగుతుంది. ఆ తేడా ఈ భాగం చేతిలో ఉంటుంది.

1964లో రాబర్ట్ మోగ్ ఈ భాగాల్ని విడివిడి పెట్టెలుగా చేసి, వైర్లతో కలుపుకునేలా, వోల్టేజీతో నడిచేలా తయారుచేశాడు. 1968లో వెండీ కార్లోస్ దాని మీద బాఖ్ రచనలు వాయించి లక్షల రికార్డులు అమ్మింది. ఆ మెషీన్ ఒకసారికి ఒక్క స్వరమే పలికేది, శ్రుతి కూడా నిలిచేది కాదు. అందుకని కొద్దికొద్దిగా వాయించి, శ్రుతి సరిచేసి, మళ్లీ వాయించి, ఒకదాని మీద ఒకటి పేర్చింది. తీసి వినిపిస్తే మెషీన్ దానంతటదే వాయించిందనుకుంటారు!

క్రాఫ్ట్‌వర్క్ అంత ముఖ్యమా?

ముఖ్యమే. జర్మనీలోని డ్యూసెల్‌డార్ఫ్ కుర్రాళ్ల ఎలక్ట్రానిక్ బృందం ఇది, 1970లో మొదలుపెట్టారు. 1974లో వచ్చిన "ఆటోబాన్" టైటిల్ పాట దాదాపు 23 నిమిషాలు, ఒక వైపంతా అదే. కారు తలుపు, ఇంజన్ స్టార్ట్, హారన్, ఆ తర్వాత హైవే. రికార్డు వింటే ఇప్పటికీ అందులో ఫ్లూట్, గిటార్ దొరుకుతాయి. అంటే పూర్తిగా యంత్రమైపోలేదింకా.

వీళ్లని జర్మన్ చలిమనుషులుగా చూడటం పెద్ద పొరపాటు. వీళ్లని నెత్తిన పెట్టుకున్నది న్యూయార్క్, షికాగో, డెట్రాయిట్‌లలోని నల్లజాతి డీజేలు. 1982లో న్యూయార్క్‌లోని బ్రాంక్స్ నుంచి ఆఫ్రికా బంబాటా "ప్లానెట్ రాక్" చేసినప్పుడు వీళ్ల రైలు పాట బాణీనే తీసుకున్నాడు.

యంత్రం వాయిస్తే మనిషికి పనేముంది?

ఈ టెన్షన్ పాతదే. 1970లలో క్వీన్ బ్యాండ్ తమ ఆల్బమ్ కవర్ల మీద సింథసైజర్లు వాడలేదని గర్వంగా అచ్చేయించుకునేది. 1982లో బ్రిటన్ సంగీతకారుల సంఘం లండన్ శాఖ ఒకటి సింథసైజర్ల మీద నిషేధం కోరుతూ తీర్మానం దాకా వెళ్లింది.

గాయని డోనా సమ్మర్ "ఐ ఫీల్ లవ్" సంగతి చూడండి. 1977, మ్యూనిక్, నిర్మాతలు జార్జియో మొరోడర్, పీట్ బెలోట్. దశాబ్దానికో పాటగా సాగే ఆల్బమ్ అది, చివర్లో భవిష్యత్తు పాట కావాలి. బేస్ దగ్గర్నుంచి అంతా మోగ్ సింథసైజర్ మీద చేశారు. అంతా అంటే, ఒక్కటి తప్ప. కాలితో కొట్టే పెద్ద డ్రమ్‌కి, అంటే కిక్ డ్రమ్‌కి, కావలసిన దమ్ము మోగ్ నుంచి రాలేదు. దాంతో కీత్ ఫోర్సీ అనే డ్రమ్మర్ కూర్చుని పాటంతా అదే దెబ్బ కొట్టాడు. యంత్ర సంగీతానికి పుట్టినరోజుగా జనం చెప్పుకునే పాటకి గుండె దడ ఒక మనిషి కాలిది.

డిస్కో చచ్చిపోయి హౌస్, టెక్నో అనే డాన్స్ సంగీతాలు పుట్టాయంటారు. ఎలా?

చావలేదు, చంపబోయారు. 1979 జూలై 12న షికాగో కోమిస్కీ పార్క్ బేస్‌బాల్ మైదానంలో, రెండు మ్యాచ్‌ల మధ్య ఒక రేడియో డీజే డిస్కో రికార్డుల్ని పెట్టెలో పోసి పేల్చేశాడు. జనం మైదానంలోకి ఎగబడ్డారు. రెండో మ్యాచ్ జరగలేదు, షికాగో జట్టు దాన్ని వదులుకోవాల్సొచ్చింది. ఆ రోజు అక్కడ సీట్లు చూపించే పనిలో విన్స్ లారెన్స్ అనే నల్లజాతి కుర్రాడున్నాడు. జనం తెచ్చిన వాటిలో డిస్కోతో సంబంధం లేని నల్లజాతి కళాకారుల రికార్డులు చాలా ఉన్నాయని ఆయన తర్వాత చెప్పాడు. 1984లో జెస్సీ సాండర్స్‌తో కలిసి ఆయన చేసిన "ఆన్ అండ్ ఆన్"ని మొదటి హౌస్ రికార్డుగా చాలామంది లెక్కేస్తారు. ఆ మ్యాచ్‌లో షికాగోకి ఎదురుజట్టు డెట్రాయిట్! హౌస్ ఒక ఊళ్లో, టెక్నో ఇంకో ఊళ్లో. ఇలాంటిది కథలో రాస్తే ఎవరూ నమ్మరు.

హౌస్ పేరు షికాగోలోని వేర్‌హౌస్ క్లబ్ నుంచి వచ్చిందంటారు. 1977 నుంచి అక్కడ ఫ్రాంకీ నకల్స్ డీజే. టెక్నో డెట్రాయిట్ దగ్గరి బెల్‌విల్‌లో హైస్కూల్ స్నేహితులైన జువాన్ ఆట్కిన్స్, డెరిక్ మే, కెవిన్ సాండర్సన్ చేతుల్లో పెరిగింది. తేడా ఒక్క ముక్కలో కావాలంటే, హౌస్‌లో చర్చి గొంతు వినపడుతుంది, టెక్నోలో రాత్రి షిఫ్ట్ ఫ్యాక్టరీ. ఇది నా చెవి లెక్క, పరీక్షలో రాయకండి.

808 అని ప్రతి పాటలోనూ వినపడుతుంది. ఏమిటది?

రోలాండ్ అనే జపాన్ కంపెనీ 1980లో తెచ్చిన డ్రమ్ మెషీన్, టీఆర్-808. నిజం డ్రమ్స్‌లా అస్సలు వినపడదు. అదే ఏడాది వచ్చిన లిన్ మెషీన్ నిజమైన డ్రమ్స్ శాంపిళ్లు వాడటంతో 808 బొమ్మలా అనిపించింది. 1983లో తయారీ ఆపేశారు. దాని "చ్‌స్‌స్" చప్పుడికి కావలసిన లోపభూయిష్టమైన ట్రాన్సిస్టర్లు ఇక దొరకకపోవడం ఒక కారణం. మొత్తం అమ్మింది సుమారు 12,000.

అమ్ముడుపోని మెషీన్ సెకండ్‌హ్యాండ్‌లో చవకగా దొరుకుతుంది. చవకగా దొరికేది డబ్బుల్లేని కుర్రాళ్ల చేతికి చేరుతుంది. "ప్లానెట్ రాక్"లో ఉన్నది 808నే. దాని కిక్ డ్రమ్ నాబ్ తిప్పితే దెబ్బ దెబ్బలా ఆగక "బూమ్‌మ్‌మ్" అని సాగుతుంది. ఇప్పుడు హిప్-హాప్‌లో బేస్‌నే 808 అనేస్తున్నారు.

దాని తమ్ముడు టీబీ-303 కథా ఇంతే. బేస్ గిటారిస్టు దొరకని వాళ్లకి తోడుగా చేసిన చిన్న పెట్టె. ఎవరూ కొనలేదు. షికాగోలో ఫ్యూచర్ అనే బృందం దాని నాబ్‌లు మోగుతుండగానే తిప్పితే కప్ప గొంతులా వింత చప్పుడొచ్చింది. 1987లో అదే ఆసిడ్ హౌస్ అనే కొత్త రకం హౌస్ అయింది.

రీమిక్స్ ఎవరు కనిపెట్టారు?

జమైకా వాళ్లు. 1960ల చివర్లో కింగ్‌స్టన్‌లో పాటలోంచి గొంతు తీసేసి "వెర్షన్" అని వేయడం మొదలైంది. దాని మీద డీజేలు మైక్ పట్టుకుని మాటలు అల్లేవారు. కింగ్ టబీ వృత్తిరీత్యా ఎలక్ట్రానిక్స్ మెకానిక్. మిక్సింగ్ డెస్క్‌నే వాయిద్యం చేసుకుని, డ్రమ్స్‌ని లాగేసి, గొంతుని ప్రతిధ్వనిలో ముంచి తేల్చి డబ్ అనే సంగీతం చేశాడు. కింగ్‌స్టన్‌లో పుట్టిన కూల్ హెర్క్ 1973 ఆగస్టు 11న బ్రాంక్స్‌లో, సెడ్జ్‌విక్ అవెన్యూ 1520 నంబర్ బిల్డింగ్‌లో, చెల్లెలు పెట్టిన పార్టీకి డీజేగా ఉన్నాడు. అతని చేతుల్లోనే ఒకే రికార్డు రెండు కాపీలతో డ్రమ్స్ ముక్కని సాగదీయడం పదునుతేలింది. హిప్-హాప్ పుట్టినరోజుగా జనం జరుపుకునేది ఆ తేదీనే.

శాంప్లింగ్ దొంగతనం కాదా?

ఇప్పుడు లెస్లీ రిడిల్‌ని గుర్తుచేసుకోండి.

1969లో విన్‌స్టన్స్ అనే బ్యాండ్ ఒక రికార్డు వెనకవైపు నింపడానికి "ఏమెన్, బ్రదర్" వాయించింది. మధ్యలో డ్రమ్మర్ గ్రెగరీ కోల్‌మన్ ఒక్కడే నాలుగు బార్లు (తాళం ఆవర్తాలు) వాయిస్తాడు, సుమారు ఏడు సెకన్లు. ఆ ముక్క వేలాది పాటల్లోకి వెళ్లింది. జంగిల్, డ్రమ్ అండ్ బేస్ అనే సంగీతాలు దాన్ని తరిగి, వేగం పెంచి, దాని మీదే నిలబడ్డాయి. కోల్‌మన్‌కి ఒక్క పైసా రాలేదు. ఇల్లు కూడా లేని స్థితిలో 2006లో చనిపోయాడు. 2015లో బ్రిటన్ డీజేలు విరాళాలు పోగుచేసి బ్యాండ్ లీడర్ రిచర్డ్ స్పెన్సర్‌కి 24,000 పౌండ్ల దాకా ఇచ్చారు.

కోర్టు కథ ఇంకోటి. ర్యాపర్ బిజ్ మార్కీ, 1972లో పియానో ముందు కూర్చుని గిల్బర్ట్ ఓ'సలివన్ పాడిన పాట ముక్క అనుమతి లేకుండా వాడాడు. 1991లో న్యూయార్క్ జడ్జి "దొంగిలించరాదు" అన్న బైబిల్ ఆజ్ఞతో తీర్పు మొదలుపెట్టాడు. అక్కడి నుంచి ప్రతి ముక్కకీ ముందే అనుమతి, డబ్బు. పదుల ముక్కలు పేర్చి చేసే ఆల్బమ్‌ల కాలం దాదాపు దాంతో ముగిసింది.

నా ఉద్దేశం అడిగితే, తీసుకోవడంలో తప్పు లేదు. పేరూ డబ్బూ ఎవరికి పడ్డాయన్నదే అసలు పేచీ. కార్టర్ కాలంలోనూ అదే పేచీ.

మిడి అంటే?

వేర్వేరు కంపెనీల మెషీన్లు మాట్లాడుకునే భాష. 1983 జనవరిలో ఒక ట్రేడ్ షోలో సీక్వెన్షియల్ అనే కంపెనీ కీబోర్డుని రోలాండ్ కీబోర్డుకి తీగతో కలిపితే రెండూ కలిసి పలికాయి. అందులో చప్పుడు ఉండదు, "ఈ స్వరం, ఇంత గట్టిగా, ఇప్పుడు" అన్న ఆదేశాలే ఉంటాయి. నలభై ఏళ్లు దాటినా పనిచేస్తూనే ఉంది.

ఆటో-ట్యూన్ పాడటం రానివాళ్ల కోసమేనా?

చమురు కోసం భూమిలోకి పంపిన తరంగాల ప్రతిధ్వనుల్ని లెక్కగట్టే పని చేసిన ఆండీ హిల్డెబ్రాండ్ 1997లో దీన్ని తెచ్చాడు. అపశ్రుతి సరిదిద్దినట్టు తెలియకూడదన్నది ఉద్దేశం. 1998లో గాయని షెర్ "బిలీవ్"లో సెట్టింగ్‌ని చివరికంటా తిప్పేస్తే గొంతు మెట్లెక్కినట్టు విరిగింది. ఆ కిటుకు బయటపడకుండా ఉండాలని నిర్మాతలు ఒక పత్రికకి ఇంకేదో పరికరం పేరు చెప్పారు.

ఫోక్ నుంచే దీనికి మంచి జవాబొచ్చింది. విస్కాన్సిన్ అడవి క్యాబిన్‌లో చలికాలమంతా ఒంటరిగా కూర్చుని గిటార్ ఆల్బమ్ చేసిన బాన్ ఇవేర్, 2009లో "వుడ్స్" అనే పాట చేశాడు. వాయిద్యాలేవీ లేవు, ఆటో-ట్యూన్ వేసిన తన గొంతే పొరలు పొరలుగా ఉంటుంది. దాన్ని పాడటం రాని మనిషి పాట అనగలరేమో వినండి.

ఇంట్లో పాట రికార్డు చేసుకోవడం ల్యాప్‌టాప్‌తోనే వచ్చిందా?

1982 జనవరిలో రాక్ గాయకుడు బ్రూస్ స్ప్రింగ్‌స్టీన్ న్యూజెర్సీలోని ఇంట్లో, క్యాసెట్ మీద నాలుగు ట్రాకులు పట్టే పోర్టాస్టూడియో పెట్టుకుని కొన్ని పాటలు పాడుకున్నాడు. బ్యాండ్‌కి నేర్పడానికి నమూనా మాత్రమే. ఆ క్యాసెట్ డబ్బా కూడా లేకుండా ఆయన జేబులో తిరిగింది. స్టూడియోలో బ్యాండ్‌తో చేసి చూస్తే పాటలో ఏదో పోయింది. చివరికి ఆ క్యాసెట్‌నే "నెబ్రాస్కా"గా విడుదల చేశారు. గత్రీ వారసుడి ఆల్బమ్ అంటారు దాన్ని. అందులో ఒక పాటలోని కేకలు మాత్రం న్యూయార్క్ ఎలక్ట్రానిక్ ద్వయం సూసైడ్ ప్రభావమని స్ప్రింగ్‌స్టీన్ దాచుకోలేదు.

2019లో బిల్లీ ఐలిష్ మొదటి ఆల్బమ్‌ని అన్న ఫినియస్ పడకగదిలో ఇద్దరే కూర్చుని చేశారు. గ్రామీల్లో నాలుగు పెద్ద అవార్డులూ వాళ్లకే వచ్చాయి.

ఫోక్ పాటకీ ఎంపీ3కీ సంబంధం ఉందట?

సుజాన్ వేగా న్యూయార్క్ ఫోక్ గాయని. ఒక హోటల్లో కాఫీ తాగుతూ చుట్టూ చూసినవి "టామ్స్ డైనర్" పాటగా రాసింది. 1987 ఆల్బమ్‌లో వాయిద్యమే లేకుండా ఒట్టి గొంతుతో పాడింది. జర్మనీలో కార్ల్‌హైన్జ్ బ్రాండెన్‌బర్గ్ బృందం అప్పుడు ఎంపీ3 మీద పనిచేస్తోంది. చెవికి ఎలాగూ వినపడని భాగాలు తీసేసి ఫైల్‌ని సీడీలో పట్టే సైజులో పదకొండో వంతుకు కుదించాలన్నది వాళ్ల పని. బ్యాండ్ మోతలో తప్పులు దాక్కుంటాయి. ఈ పాట పెట్టేసరికి గొంతు గరగరమంటూ ఘోరంగా వచ్చింది. దాక్కోవడానికి చోటే లేదు మరి. అది సరిగ్గా పలికేదాకా బ్రాండెన్‌బర్గ్ వందలసార్లు అదే పాట పెట్టుకుని విన్నాడు.

1990లో డీఎన్ఏ అనే ఇద్దరు బ్రిటిష్ కుర్రాళ్లు అదే గొంతుకి అనుమతి లేకుండా డాన్స్ బీట్ తగిలించారు. కంపెనీ కేసు పెట్టకుండా హక్కులు కొని విడుదల చేసింది. బ్రిటన్‌లో రెండో స్థానం దాకా వెళ్లింది. వేగాకి అది నచ్చింది కూడా.

కొత్తగా వినాలంటే ఎక్కడ మొదలుపెట్టాలి?

కాలక్రమంలో వినకండి, నాలుగో రోజుకి మానేస్తారు. జంటలుగా వినండి. కార్టర్ ఫ్యామిలీ ఒకటి, వెంటనే గత్రీ. షిరెల్స్, తర్వాత కెరోల్ కింగ్. క్రాఫ్ట్‌వర్క్ రైలు పాట, తర్వాత "ప్లానెట్ రాక్". "నెబ్రాస్కా", తర్వాత సూసైడ్ మొదటి ఆల్బమ్. వేగా ఒట్టి గొంతు, తర్వాత డీఎన్ఏ. ఫోన్ స్పీకర్ మీద మాత్రం వద్దు. 808 అడుగు స్వరం అంత చిన్న స్పీకర్‌లో పలకదు, పాటలో సగం వినకుండానే నచ్చలేదంటారు.